ఇది కథ మాత్రమేనా? - దీపా ధన్‌రాజ్ సినిమాల్లో మాట ఎవరిది

తెలుగులో స్త్రీవాద రచనల జాబితా వేయమంటే మనం ఇంచుమించు ఒకే వరసలో చెప్పుకుంటూ పోతాం. ఎనభైల నాటి కవితలు, 'నీలి మేఘాలు' సంకలనం, కథలు, నవలలు, స్త్రీశక్తి సంఘటన తెచ్చిన 'మనకు తెలియని మన చరిత్ర'. ఈ వరసలో ఎక్కడా కనిపించని తెలుగు రచన ఒకటుంది. దాని పేరు 'ఇది కథ మాత్రమేనా'. 1983లో వచ్చింది. అచ్చులో కాకుండా పదహారు మిల్లీమీటర్ల ఫిల్ము మీద, నలుపు తెలుపుల్లో, ఇరవై అయిదు నిమిషాల నిడివితో వచ్చింది. పుస్తకం కానందువల్ల సాహిత్య విమర్శకులు దాన్ని పట్టించుకోలేదు. థియేటర్లో ఆడనందువల్ల సినిమా విమర్శకులూ పట్టించుకోలేదు. ఇల్లు అనే చోట జరిగే హింసను గురించి మన దేశంలో వచ్చిన తొలి చిత్రాల్లో అది ఒకటి. అది తెలుగులో మాట్లాడింది. అయినా తెలుగు విమర్శ దాని గురించి మాట్లాడలేదు.

ఆ చిత్రం వెనక ఉన్న దీపా ధన్‌రాజ్ హైదరాబాదులో పుట్టిన మనిషి, బెంగుళూరులో స్థిరపడింది. నాలుగు దశాబ్దాల పాటు ఆమె తీసిన డాక్యుమెంటరీలు బెర్లిన్‌లో, లండన్‌లో, మన మహానగరాల విశ్వవిద్యాలయాల్లో చర్చకు వచ్చాయి. జగ్గయ్యపేట, నందిగామ వంటి మెట్ట ప్రాంతపు ఊళ్ళలో పాఠాలు చెప్పుకునే నాలాంటి వాళ్ళకి ఆమె పేరు ఆ దారిన చుట్టూ తిరిగి చేరింది. ఆ చిత్రాలను వరసగా చూసినప్పుడు నన్ను వదలకుండా పట్టుకున్న ప్రశ్న ఒక్కటే. ఈ సినిమాల్లో మాట ఎవరిది? కెమెరా పట్టుకున్నవాళ్ళదా, కెమెరా ముందు కూచున్న స్త్రీదా, లేక ఇద్దరూ కలిసి తయారు చేసుకున్నదా? మన సాహిత్యంలోనూ దళిత స్త్రీలు, ముస్లిం స్త్రీలు, బహుజన స్త్రీలు మనల్ని నిలదీసి అడిగిన ప్రశ్న ఇదే. కాబట్టి ఆమె ప్రయాణాన్ని ఈ ప్రశ్న వెంటే చదవాలని నా ప్రయత్నం.

1980లో దీపా ధన్‌రాజ్, ఆభా భయ్యా, మీరా రావు, నవ్రోజ్ కాంట్రాక్టర్ కలిసి 'యుగాంతర్' అనే బృందం ఏర్పాటు చేసుకున్నారు. కెమెరా నవ్రోజ్‌ది. 2023లో రోడ్డు ప్రమాదంలో చనిపోయేదాకా ఆయన ఈ దేశపు డాక్యుమెంటరీకి కన్నుగా బతికాడు. ఆ రోజుల్ని గుర్తు చేసుకోవాలి. 1978లో హైదరాబాదులో రమీజాబీ మీద పోలీసుల అత్యాచారం, దాని మీద నగరం భగ్గుమనడం. మథుర కేసులో సుప్రీంకోర్టు తీర్పు, దాన్ని నిలదీస్తూ 1979లో న్యాయశాస్త్ర అధ్యాపకులు రాసిన బహిరంగ లేఖ. దేశమంతా స్వతంత్ర స్త్రీల సంఘాలు పుట్టుకొస్తున్న కాలం. యుగాంతర్ ఆ కాలపు బిడ్డ. ఉద్యమాన్ని బయట నుంచి చిత్రించి, పేరు తెచ్చుకుని, పక్కకు తప్పుకునే ధోరణి వాళ్ళది కాదు. సంఘాల దగ్గరికి వెళ్ళి ఏం తీయాలో, ఎలా తీయాలో ఆ స్త్రీలతో కలిసి నిర్ణయించుకోవడం, తీసినదాన్ని మళ్ళీ వాళ్ళ మధ్యకే తీసుకుపోయి చూపించి చర్చ పెట్టడం వాళ్ళ పద్ధతి.

మొదటి చిత్రం 'మోల్‌కరీణ్' (1981) పూణేలో ఇళ్ళల్లో పనిచేసే స్త్రీలు సంఘం కట్టుకున్న కథ. రెండోది 'తంబాకూ చాకిల ఊబ్ ఆలీ' (1982) నిపాణిలోని పొగాకు కార్ఖానాల్లో పనిచేసే ఆడవాళ్ళది. పొగాకు దుమ్ములో ముక్కూ మూతీ గుడ్డతో కట్టుకుని పనిచేసే ఆ స్త్రీలు తమ కూలీ గురించి, యజమానుల వేధింపుల గురించి, సమ్మె గురించి తామే చెప్తారు. మా మెట్ట నుంచి చూసేవాళ్ళకి ఆ చిత్రం పరాయిది కాదు. సంక్రాంతి వెళ్ళగానే మా చుట్టుపక్కల చేలల్లో మిరప కోతలు మొదలవుతాయి. కర్నూలు వైపు నుంచి కుటుంబాలకు కుటుంబాలు వలస వచ్చి కల్లాల పక్కనే గుడారాలు వేసుకుంటాయి. కాయ కోసేది, తాలు ఏరేది, తొడిమలు తీసేది ఎక్కువగా ఆడవాళ్ళే. ఆ ఘాటుకి రాత్రిళ్ళు చేతులు మండి నిద్రపట్టదు. చంటిపిల్లని ఎత్తుకోవాలంటే చీరచెంగు చేతికి చుట్టుకోవాలి. నిపాణి స్త్రీలకీ వీళ్ళకీ పంటే తేడా. కానీ అక్కడ ఒక సంఘం ఉంది. దాన్ని తెర మీదికి తెచ్చిన సినిమా ఉంది. మిరపకాయ ధర పెరిగినా పడినా పేపర్లో వార్త వస్తుంది, దాన్ని కోసిన చేతులు మాత్రం మన కథల్లోకైనా అరుదుగానే వస్తాయి.

ఈ రెండు చిత్రాల్లోనూ గమనించాల్సిన విషయం ఇంకొకటి. అందులోని స్త్రీలు బాధితుల్లా కనిపించరు. దుఃఖం చెప్పుకోవడానికి వాళ్ళు కెమెరా ముందుకి రాలేదు, లెక్క చెప్పడానికి వచ్చారు. ఎన్ని గంటలు, ఎంత కూలి, ఎవరు ఏమన్నారు, తాము ఏం చేశారు. జాలి పుట్టించడం తేలిక. జాలి పుట్టకుండా కోపం పుట్టించడం కష్టం. యుగాంతర్ ఆ కష్టమైన పనినే ఎంచుకుంది. అదే 1983లో చిప్కో ఉద్యమంలో పాల్గొన్న సుదేశాదేవి గురించి తీసిన 'సుదేశ' కూడా ఆ దారిలోదే.

'ఇది కథ మాత్రమేనా' దగ్గరికి వచ్చేసరికి దారి మారింది. ఇల్లు కార్ఖానా కాదు. అక్కడ సమ్మె జరగదు, ఊరేగింపు ఉండదు. నాలుగు గోడల మధ్య జరిగేదాన్ని డాక్యుమెంటరీగా ఎలా తీస్తారు? భర్త కొడుతున్నప్పుడు కెమెరా అక్కడ ఉండదు. అందువల్ల యుగాంతర్, హైదరాబాదు స్త్రీశక్తి సంఘటన కలిసి కల్పనను ఆశ్రయించాయి. సంఘటన సభ్యులు తమ అనుభవాలు, తమకు తెలిసిన ఆడవాళ్ళ అనుభవాలు కలబోసుకుని కథ అల్లుకున్నారు. సన్నివేశాలు అప్పటికప్పుడు నటిస్తూ పెంచుకున్నారు. ఒక మధ్యతరగతి ఇల్లు, పెళ్ళయిన ఒక స్త్రీ, ఆమె ఒంటరితనం, భర్త హింస, మాట వినిపించుకోని అయినవాళ్ళు, చివరికి ఇంకో స్త్రీతో స్నేహంలో దొరికే ఊపిరి. కథగా చెప్పుకుంటే ఇంతే.

అయితే దాని బలం కథలో కన్నా అది తయారైన తీరులో ఉంది. మూడేళ్ళ తర్వాత, 1986లో అదే సంఘటన 'మనకు తెలియని మన చరిత్ర' తెచ్చింది. తెలంగాణ సాయుధ పోరాటంలో పాల్గొన్న స్త్రీల దగ్గర టేప్‌రికార్డరు పెట్టుకుని కూచుని, వాళ్ళు చెప్పింది ఓపిగ్గా విని చేసిన పుస్తకం అది. ఈ రెంటినీ పక్కపక్కన పెట్టి ఎవరూ చదవలేదు. రెండూ వినడం అనే పని నుంచి పుట్టాయి. రెంటిలోనూ రచయిత ఒక్కరు కాదు. సొంత పేరుతో సొంత గొంతుతో రాయడమే స్త్రీవాద రచన అని మనం స్థిరపరుచుకున్న కాలంలో, పేర్లు కలిపేసుకుని గొంతులు కలిపేసుకున్న ఈ రెండు పనులూ మరో సంప్రదాయాన్ని చూపిస్తున్నాయి. పుస్తకానికి చరిత్రలో చోటు దొరికింది. సినిమాకి దొరకలేదు.

భర్త, అత్తమామల క్రూరత్వాన్ని నేరంగా చూసే 498ఎ సెక్షన్ శిక్షాస్మృతిలో చేరింది 1983 చివర్లో. గృహహింస చట్టం రావడానికి 2005 దాకా పట్టింది. చట్టానికి ఇంకా మాట దొరకని రోజుల్లో ఈ చిత్రం ఆ మాట కోసం వెతికింది. ఎముకలు విరగ్గొడితేనే హింస అనుకునే రోజుల్లో, పలకరించకపోవడం, హేళన చేయడం, మనిషిని ఏమీ కానట్టు చూడడం కూడా హింసేనని చూపించింది. మనోవ్యాకులత అనే దాన్ని ఆడవాళ్ళ నరాల బలహీనత కింద కొట్టిపారేయకుండా, ఆ ఇంటి గాలి నుంచే అది పుడుతుందని చెప్పింది.

ఈ చిత్రాన్ని మా జగ్గయ్యపేటలో రెండుసార్లు చూపించాను. ఒకసారి డిగ్రీ చదివే అమ్మాయిలకి, ఇంకోసారి మిరప కోతలకీ పత్తి తీతలకీ వెళ్ళే ఒక కూలి ముఠాలోని ఆడవాళ్ళకి. అమ్మాయిలు నిశ్శబ్దంగా చూశారు. అయిపోయాక చాలాసేపు ఎవరూ మాట్లాడలేదు, ఇద్దరు మాత్రం నన్ను పక్కకి పిలిచి తమ అమ్మల గురించి చెప్పారు. కూలీ ఆడవాళ్ళు చూస్తూనే మాట్లాడారు. "ఆమెకి తలుపేసుకోడానికి గదన్నా ఉంది మేడం" అందొకామె. "మా ఇంట్లో కొడితే వాడంతా ఇంటది. ఇన్నోళ్ళు ఏం చేశారు గనక?" అంది పక్కనున్నామె. ఇంకో పెద్దామె, "కథ మాత్రమేనా అని ఎవర్ని అడుగుతున్నారమ్మా? మమ్మల్నయితే అడగక్కర్లా" అంది.

ఆ మాట ఈ చిత్రం మీద వచ్చిన మంచి విమర్శల్లో ఒకటని నేననుకుంటాను. ఆ శీర్షికలోని ప్రశ్న నమ్మనివాళ్ళ కోసం వేసింది. హింసను గుట్టుగా దాచుకోవడం పరువు అనుకునే వర్గాన్ని ఉద్దేశించింది. గుట్టు అనేది కూడా కొంత ఆస్తి ఉన్నవాళ్ళకే దొరికే వస్తువు. వాడలో అందరికీ తెలిసిన హింసకి 'ఇది నిజమే' అని రుజువు చూపాల్సిన అవసరం లేదు. అక్కడి ప్రశ్న వేరు. తెలిసినవాళ్ళంతా ఏం చేశారన్నది. దళిత స్త్రీ రచయితలు తొంభైల్లో మన స్త్రీవాదాన్ని అడిగింది దీనికి దగ్గరగా ఉన్న ప్రశ్నే. ఇంత మాత్రాన చిత్రం చిన్నబోదు. తన వర్గపు మౌనాన్ని పగలగొట్టడం కూడా పనే. ఆ మౌనాన్ని అందరి ఆడవాళ్ళ మౌనంగా లెక్కకట్టింది చూసిన మనమే, చిత్రం కాదు.

1986 నాటి 'క్యా హువా ఇస్ షహర్ కో?' యుగాంతర్ దారికి మలుపు. 1984లో హైదరాబాదు మత కలహాల మీద తీసిన పెద్ద చిత్రమిది. ఆ ఆగస్టులో ఎన్టీఆర్ ప్రభుత్వాన్ని బర్తరఫ్ చేయడం, నెల్లాళ్ళ నాదెండ్ల భాస్కరరావు ప్రభుత్వం, సెప్టెంబరులో కర్ఫ్యూ, ఊరేగింపుల్లో రెండు వైపులా నాయకుల ప్రసంగాలు, పాతబస్తీలో పనిపాటల్లేక పస్తులున్న కుటుంబాలు. మతకలహం దానంతట అది రగలదని, రగిలించేవాళ్ళకి దాని లెక్క ఉంటుందని ఈ చిత్రం నిర్మొహమాటంగా చెప్పింది. ఇవాళ చూస్తుంటే ముందుగానే వచ్చిన హెచ్చరికలా ఉంటుంది. కానీ ఇక్కడ మాట ఎక్కువ భాగం వ్యాఖ్యాతది. విశ్లేషణ పెరిగినకొద్దీ మనుషుల మాట తగ్గింది. స్త్రీలు ఇందులో పోగొట్టుకున్నవాళ్ళుగా కనిపిస్తారు గాని, నిపాణి స్త్రీల్లా లెక్క తేల్చేవాళ్ళుగా కనిపించరు. రాజకీయాలు మాట్లాడే పని వచ్చేసరికి ఆడవాళ్ళ గొంతు వెనక్కి వెళ్ళడం మనకి కొత్త కాదు.

ఆ వెలితిని 1991లో 'సమ్‌థింగ్ లైక్ ఎ వార్' పూడ్చింది. దీపా ధన్‌రాజ్ చిత్రాల్లో ఇది నాకు అన్నిటికన్నా పెద్దది. కుటుంబ నియంత్రణ కార్యక్రమం పేదస్త్రీల శరీరం మీద చేసిన యుద్ధం దీని విషయం. ఎమర్జెన్సీలో మగవాళ్ళకి బలవంతాన ఆపరేషన్లు చేసినందుకు ప్రభుత్వమే కూలిపోయింది. ఆ తర్వాత లక్ష్యం ఆడవాళ్ళ మీదికి మళ్ళింది. దాంతో ఏ ప్రభుత్వమూ కూలలేదు. చిత్రంలో ఒకవైపు ల్యాప్రోస్కోపీ శిబిరం. తాను ఒక్కో ఆపరేషన్ ఎంత వేగంగా ముగిస్తాడో గొప్పగా చెప్పుకునే డాక్టరు, బల్ల మీద నోరు మూసుకుని నొప్పి ఓర్చుకునే స్త్రీ. రెండోవైపు గుండ్రంగా కూచుని తమ ఒంటి గురించి, ముట్టు గురించి, కోరిక గురించి, పిల్లల గురించి నవ్వుతూ చెప్పుకునే గ్రామీణ స్త్రీలు. డాక్టరు దృష్టిలో గర్భసంచిగా మిగిలిన మనిషి ఇక్కడ జ్ఞానం ఉన్న మనిషిగా తిరిగి వస్తుంది. వ్యాఖ్యాత చెప్పాల్సిన పని ఆ గుంపే చేసేసింది.

ఈ చిత్రానికి మన నేల మీద వేళ్ళున్నాయి. 1985లో హైదరాబాదు దగ్గర పటాన్‌చెరు ప్రాథమిక ఆరోగ్యకేంద్రంలో నెట్-ఎన్ అనే గర్భనిరోధక ఇంజెక్షన్‌ని ప్రయోగమన్న సంగతి సరిగ్గా చెప్పకుండా గ్రామీణ స్త్రీలకి ఇవ్వబోతే స్త్రీశక్తి సంఘటన అడ్డుపడింది. 1986లో ఢిల్లీలోని సహేలీ తదితరులతో కలిసి సుప్రీంకోర్టుకి వెళ్ళింది. ఆ పోరాటం, ఈ చిత్రం ఒకే ఆవరణలో పెరిగాయి. 1994లో తీసిన 'ది లెగసీ ఆఫ్ మాల్థస్' అదే వాదనను స్కాట్లండ్ ఎత్తు ప్రాంతాల నుంచి రైతుల్ని తరిమేసిన చరిత్ర దాకా తీసుకెళ్ళింది. పేదరికానికి పేదల సంఖ్యే కారణం అనడం భూమి ఎవరి చేతుల్లో ఉందో మరిపించడానికేనని చెప్పింది.

మన రాష్ట్రంలో ఈ వాదన పాతబడలేదు. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం ఆంధ్రప్రదేశ్‌లో పెళ్ళయిన స్త్రీలలో సుమారు 70 శాతం మందికి పిల్లలు పుట్టకుండా ఆపరేషన్ అయింది. మగవాళ్ళలో అది అర శాతం కూడా లేదు. గర్భసంచి తీయించుకున్న స్త్రీల సంఖ్యలోనూ మన రాష్ట్రం దేశంలో ముందు వరసలోనే ఉంది. మా మిరప చేలల్లో పాతికేళ్ళకే పిల్లల ఆపరేషన్, ముప్పై అయిదు దాటకుండానే పెద్దాపరేషన్ అయినవాళ్ళు కొల్లలు. 'నడుం పట్టేసిందమ్మా' అంటూనే రోజంతా వంగి కాయ కోస్తారు. ఇప్పుడు గాలి తిరిగింది. ఇద్దరికి మించి పిల్లలుంటే స్థానిక ఎన్నికల్లో పోటీకి అనర్హులన్న 1994 నాటి నిబంధనను 2024 నవంబరులో శాసనసభ ఎత్తేసింది. జనాభా ముసలిదైపోతోంది, ఎక్కువమందిని కనమని ముఖ్యమంత్రి చంద్రబాబునాయుడే పిలుపునిచ్చారు. నిన్న వద్దన్నారు, ఇవాళ కనమంటున్నారు. రెండుసార్లూ ఆడదాన్ని అడగలేదు. ఆ నిబంధన పోవడం మంచిదే. దానివల్ల పదవులు పోగొట్టుకున్న పేద స్త్రీలు ఎందరో. కానీ అంకెలు తలకిందులైనా ఆజ్ఞ మారలేదని అర్థం చేసుకోవడానికి ముప్పై ఏళ్ళు దాటిన ఈ సినిమా ఇవాళ అవసరం.

తర్వాతి కాలంలో ఆమె దృష్టి న్యాయం మీదికి వెళ్ళింది. 2000లో గుజరాత్‌లోని స్త్రీల పంచాయితీల మీద 'నారీ అదాలత్', 2007లో పౌరహక్కుల న్యాయవాది కన్నబిరాన్ జీవితం మీద 'ది అడ్వకేట్', 2011లో తమిళనాడు ముస్లిం స్త్రీల జమాత్ మీద 'ఇన్వోకింగ్ జస్టిస్'. కన్నబిరాన్ మీది చిత్రం మన రాష్ట్రపు ఎన్‌కౌంటర్ల చరిత్రకి కూడా సాక్ష్యం. అయినా నాకు మిగతా రెండూ ఎక్కువ విలువైనవిగా అనిపిస్తాయి. మగవాళ్ళ జమాత్‌లో ఆడవాళ్ళ గురించి తీర్పు చెప్తారు, ఆడవాళ్ళు లేకుండా. దానికి జవాబుగా 2004లో తమ జమాత్ తామే పెట్టుకున్న ఆ స్త్రీలు ఫిర్యాదు వింటారు, సాక్ష్యం సేకరిస్తారు, పోలీస్‌స్టేషన్‌కి వెళ్తారు, మతపెద్దలతో వాదిస్తారు. ముస్లిం స్త్రీని ఎవరో ఉద్ధరించాలని బయటివాళ్ళు గోల పెడుతున్న కాలంలో, తమ పని తాము చేసుకుంటున్న స్త్రీలను చూపించడమే పెద్ద రాజకీయ ప్రకటన. నిపాణిలో విన్న గొంతు ఇక్కడ మళ్ళీ వినపడుతుంది.

2018లో వచ్చిన 'వీ హావ్ నాట్ కమ్ హియర్ టు డై' మళ్ళీ ఆమెను హైదరాబాదుకి తీసుకొచ్చింది. 2016 జనవరి 17న హైదరాబాదు విశ్వవిద్యాలయంలో రోహిత్ వేముల ఆత్మహత్య, దాని తర్వాత దేశమంతా లేచిన విద్యార్థి ఉద్యమం దీని వస్తువు. యుగాంతర్ నాటి చిత్రాల్లో వర్గం, జెండర్ ముందుంటాయి, కులం పనిపరిస్థితుల వెనక నీడలా ఉంటుంది. ఇక్కడ కులం నడిబొడ్డుకి వచ్చింది. తన విమర్శ తానే చేసుకుంటూ ఎదిగిన కళాకారిణికే ఇది సాధ్యం. రోహిత్ తల్లి రాధిక విషయానికొస్తే నాకొక అసంతృప్తి మిగిలింది. బట్టలు కుట్టి ముగ్గురు పిల్లల్ని పెంచిన ఒంటరి స్త్రీ ఆమె. ఆమె కులం ఏమిటో తండ్రి వైపు నుంచే తేల్చాలని వ్యవస్థ పట్టుబట్టినప్పుడు, ఆ వాదన కులానిదెంతో పితృస్వామ్యానిది కూడా అంతే. ఉద్యమం ఆమెను అమరుడి తల్లిగా నిలబెట్టింది. ఉద్యమంతో నడిచిన చిత్రం కూడా ఆమెను చాలావరకు అక్కడే నిలిపిందని నాకనిపిస్తుంది. ఆమెను ఆమెగా చెప్పే కథ ఇంకా రావాలి.

నాలుగు దశాబ్దాల ఈ పనిని మొత్తంగా చూస్తే ఒకటి తేటతెల్లమవుతుంది. దీపా ధన్‌రాజ్ చిత్రాలు గొప్పగా ఉన్నది, స్త్రీలు గుంపుగా కూచుని మాట్లాడుకున్న చోట. పొగాకు కార్మికులు, ఒళ్ళు గురించి చెప్పుకునే గ్రామీణ స్త్రీలు, జమాత్ సభ్యులు. ఒక్క మనిషి దుఃఖం మీద కెమెరా ఆగినప్పుడు కన్నా, నలుగురు వాదించుకుంటున్నప్పుడు ఆమె కన్ను చురుగ్గా ఉంటుంది. సాహిత్యంలో మనం ఇంకా 'నేను' చుట్టూ తిరుగుతున్నాం. ఆ 'నేను'ను సంపాదించుకోవడానికి మనం పడ్డ కష్టం తక్కువేమీ కాదు. కానీ 'మనం' అని రాయడం ఎలాగో, అందులో ఎవరెవరు ఉన్నారో దాచిపెట్టకుండా రాయడం ఎలాగో నేర్చుకోవడానికి ఈ చిత్రాలు పాఠ్యగ్రంథాలు.

యుగాంతర్ చిత్రాలను బెర్లిన్‌లోని ఆర్సెనల్ సంస్థ పునరుద్ధరించింది. 'క్యా హువా ఇస్ షహర్ కో?' కూడా అలాగే బతికి బయటపడింది. సంతోషించాల్సిందే. తెలుగు స్త్రీలు తెలుగులో తీసుకున్న సినిమా పాడైపోకుండా కాపాడే పని జర్మనీలో జరగాల్సి వచ్చిందన్నది మాత్రం మింగుడు పడదు. ఇప్పుడవి ఇంటర్నెట్‌లో దొరుకుతున్నాయి. మన తెలుగు శాఖల్లో, మహిళా అధ్యయన కేంద్రాల్లో స్త్రీవాద సాహిత్యం చెప్పేచోట 'ఇది కథ మాత్రమేనా'ని కవితల పక్కన, కథల పక్కన పెట్టి చెప్పడానికి ఏ అడ్డంకీ లేదు. మరాఠీ, హిందీ, తమిళం మాట్లాడే మిగతా చిత్రాలకి తెలుగు మాటలు జోడించడం పెద్ద ఖర్చుతో కూడిన పని కాదు. పూనుకునేవాళ్ళు కావాలి. తరగతి గదుల్లో చూపించి ఊరుకోకూడదు. కల్లాల దగ్గర, వాడల్లో, స్వయం సహాయక బృందాల సమావేశాల్లో చూపించి, వాళ్ళేమన్నారో రాసిపెట్టాలి. ఈ చిత్రాల మీద తెలుగులో రావలసిన విమర్శలో సగం వాళ్ళ దగ్గరే ఉంది.